వాయిదా చెట్లు

సిరిసిల్లలో బస్సు దిగి సందులోకి తిరగగానే బట్ట నేసే సాంచాల చప్పుడు గంగారాంను చుట్టుముట్టింది. మస్కట్‌లో ఏళ్ల తరబడి రాయి పగలగొట్టే మిషన్ల మధ్య బతికినవాడికి చప్పుడు కొత్త కాదు. అయినా ఆ చప్పుడులో తన పెండ్లాం ఎక్కడో కూర్చుని ఉందని తలుచుకునేసరికి కాళ్లు వేగంగా కదిలాయి.

శోభ వాళ్ల అన్న ఇంటి ముందు గదిలో కండెలు చుడుతోంది. గుమ్మంలో నీడ పడితే తలెత్తి చూసింది. చూసి కూడా చేయి ఆపలేదు. తెగబోతున్న పోగును రెండు వేళ్ల మధ్య మెలిపెట్టి, కండె నిండాక దాన్ని గంపలో వేసి, అప్పుడు లేచింది.

"అన్నం తిన్నవా?" అంది.

"తింట తియ్యి."

కంచంలో అన్నం పెట్టి ఎదురుగా కూర్చుంది. బిడ్డ మనీషా కాలేజీ నుంచి ఇంకా రాలేదు. ఎన్ని రోజులు సెలవు దొరికిందని శోభ అడగలేదు. ఎందుకు వచ్చాడో ఆమెకు తెలుసు. సోమవారం జగిత్యాల కోర్టులో వాళ్ల కేసు ఆఖరి వాయిదా.

"సాయన్నను లోపలేసినంకనే మల్ల విమానమెక్కుత" అన్నాడు గంగారాం, అన్నం కలుపుతూ.

"ఆయనను లోపలేస్తే మనకేమస్తది?"

"మనకు రాకపోతే పాయె. ఆయన పోవాలె గద."

మేడిపల్లి దగ్గరి వాళ్ల ఊళ్లో, సాయన్న పొలం గట్టు మీద ఈతచెట్ల వరుస ఉండేది. గంగారాం తాత కల్లు గీసిన చెట్లు, తండ్రి గీసిన చెట్లు. రోడ్డు పక్కన భూమికి ధర వచ్చింది. సాయన్న ప్లాట్లు చేద్దామనుకున్నాడు. గట్టు తనదన్నాడు. గంగారాం కోర్టుకెక్కితే, కేసు తేలేదాకా చెట్ల మీద గొడ్డలి పడొద్దని కోర్టు చెప్పింది. ఆ మాట చెప్పిన నెల తిరక్కుండానే, ఒక ఆదివారం పూట జేసీబీ వచ్చింది.

"కోర్టు వద్దన్నంక కొట్టిండు" అన్నాడు గంగారాం మళ్లీ, ఎవరో కాదన్నట్టు. "నాకోసం గాదు, కోర్టు మాటకైన విలువుండాలె."

"నేను ఊరికి పోయి ఎన్నేండ్లాయెనో" అంది శోభ. "పోతే ఆ బోడిగట్టు సూడాల్సొస్తదని పోలే. ఇంకింత అన్నం పెట్టనా?"

మర్నాడు వేములవాడ మీదుగా జగిత్యాల బస్సెక్కాడు.

వకీలు ప్రకాశ్ సారు గది కోర్టు ఎదుట, జిరాక్స్ దుకాణం పైన. కేసు మొదలైనప్పుడు ఆయన జుట్టు నల్లగా ఉండేది, టేబులు చిన్నది. ఇప్పుడు టేబులు పెద్దదయింది. కుర్చీ చూపించి చాయ్ చెప్పాడు.

"గంగారాం, ఉన్నదున్నట్టు చెప్తున్న, ఇను. కోర్టు ధిక్కారం కేసంటే జొన్నరొట్టె అసొంటిది. పెనం మీదున్నప్పుడే తినాలె. చెట్లు కొట్టిన పదిహేను రోజులల్ల అది జడ్జి ముందటికి పోతే ఆ సాయన్నకు మూడు నెలల జైలు పక్కా. నేను ఆలస్యం చెయ్యలే, నువ్వు చెయ్యలే. జడ్జీలు మారిన్రు. నడుమ కరోనా అచ్చె. ఒకసారి ఆయన వకీలుకు జరమొస్తే, ఇంకోసారి మనకు సమ్మె. గిట్ల ఏండ్లు పోయినయ్."

"పోతే తప్పు తప్పు గాకుంట పోతదా సార్?"

"తప్పు పోదు. కోపం పోతది. ఇన్నేండ్లకు జడ్జి ముందట ఎవలు నిలవడ్తరు? కట్టె పట్టుకున్న ముసలాయన నిలవడ్తడు. ఆయనను సూస్తే జడ్జికి కోపం రాదు, జాలొస్తది."

గంగారాం చాయ్ గ్లాసు కింద పెట్టాడు. సగం కూడా తాగలేదు.

ప్రకాశ్ సారు ముందుకు వంగాడు. "కని ఒక దారున్నది. కొట్టిన కాడ మల్ల ఈతచెట్లు పెట్టినమని వాళ్లు వాయిదా వాయిదాకు ఫోటోలు తెచ్చి పెడ్తున్నరు. నాకు నమ్మకం లేదు. ఏ నర్సరీలనో దిగి తెచ్చిన్రు. నువ్వు ఊరికి పో. ఆ బోడిగట్టును మంచిగ నాలుగు దిక్కులకెళ్లి ఫోటో తీసుకరా. కోర్టు ముందట అబద్ధమాడిండని తేలితే అది పాత ధిక్కారం గాదు, కొత్తది. వేడివేడిది. అప్పుడు జాలి పని చెయ్యది."

గంగారాంకు ఆ మాటతో ప్రాణం లేచివచ్చింది. మిగిలిన చాయ్ ఒక్క గుక్కలో తాగాడు.

కోరుట్ల బస్సులో కిటికీ పక్కన కూర్చుని సెల్‌ఫోను చార్జింగు చూసుకున్నాడు. మేడిపల్లి దాటాక ఊరి అడ్డరోడ్డు దగ్గర దిగి నడిచాడు. మార్గశిరం మొదలైంది. ఎండ ఉన్నా గాలిలో చలి ఉంది. వరి కోసిన మళ్లు ఖాళీగా ఉన్నాయి. దారిలో ఎదురైన ఒకరిద్దరు గుర్తుపట్టి నిలబడబోయారు. "మల్లస్త" అని దాటిపోయాడు. వాగు పక్కన మోట్లవంపు తిరిగితే సాయన్న గట్టు కనబడుతుంది. ఆ గట్టు ఎట్లా ఉంటుందో అతనికి తెలుసు. జేసీబీ పోయిన సాయంత్రం చూసింది మస్కట్ క్యాంపులో కూడా కళ్లలో నిలిచింది. పెళ్లగించిన మట్టి, వేళ్లు పైకి లేచిన మొద్దులు, ఒక మొద్దుకు ఇంకా వేలాడుతున్న కల్లు లొట్టి.

వంపు తిరిగాడు. నిలబడిపోయాడు.

గట్టు పొడుగునా ఈతచెట్లున్నాయి.

దారి తప్పానేమోనని వెనక్కి చూశాడు. వాగు అక్కడే ఉంది. సాయన్న బోరు గది అక్కడే ఉంది. దగ్గరికి నడిచాడు. ముందు వాటిని కళ్లతో కాదు, చేత్తో చూశాడు. మట్ట మొదలు పట్టి గుంజాడు. పచ్చి మట్ట, చేతికి ముల్లు గుచ్చుకుంది. కొన్ని చెట్లు మనిషెత్తు దాటి మొదళ్లు బలిశాయి. వాటి నడుమ కొన్ని నడుమెత్తువి, అక్కడక్కడ మోకాలెత్తువి. ఒకేసారి పెట్టినవి కావు. చచ్చినదాని చోట ఇంకొకటి, అదీ చస్తే ఇంకొకటి పెడుతూ వచ్చారు. చిన్నవాటి చుట్టూ పాదులు తడిగా ఉన్నాయి.

ఫోటో తీయాలని ఫోను బయటికి తీశాడు గాని, ఏం తీయాలో తెలియలేదు.

"ఎవలది?"

గట్టు అవతల నుంచి ఒక ముసలామె లేచింది. చేతిలో కొడవలి, చంకలో ఎండుమట్టలు. సాయన్న భార్య లసుమవ్వ. వరుసకు అత్త అని పిలిచేవాడు.

"నేనత్తా. గంగారాంను."

లసుమవ్వ మట్టలు కింద పడేసింది. కొంగుతో మొహం తుడుచుకుంది. "అచ్చినవా" అంది. అతని చేతిలో ఫోను చూసి, "ఫోటో తీసుకో. మీ వకీలు పంపిండా?" అంది.

"ఇయ్యి ఎవలు పెట్టిన్రు?"

"మేమే."

"ఎందుకు?"

"ఎందుకేంది, జైలు భయానికి." ఆమె గట్టు మీద కూర్చుంది. "మేము మంచోళ్లమై పెట్టినమనుకోకు గంగారాం. మా వకీలు చెప్పిండు. కొట్టిన కాడ నాలుగు మొక్కలు పెట్టి ఫోటో దిగున్రి, జడ్జికి సూపెట్టి చేతులు జోడిత్తె ఇడిసిపెడ్తడని. మీ మామ వెల్గటూరు దిక్కుకెళ్లి ట్రాలీల మొక్కలు తెప్పిచ్చిండు. పెట్టినం, ఫోటో దిగినం, ఇంటికి పోయినం. నీళ్లు సుత పొయ్యలే. సగం ఎండిపోయినయ్."

గంగారాం ఫోను జేబులో వేసుకున్నాడు.

"వాయిదా పడ్డది. జడ్జి మారిండు. కొత్త జడ్జికి కొత్త ఫోటో కావాలన్నడు వకీలు. ఎండిన కాడ మల్ల పెట్టినం. మల్ల వాయిదా. నిరుటి ఫోటోల ఉన్న చెట్టు ఈయేడు ఫోటోల లేకపోతే అబద్ధమాడినట్టైతదని భయపెట్టిండు. ఇగ ఎండకుంట సూసుకునుడు నా పానానికచ్చింది. ఏ నెలల వాయిదా ఉంటదో తెల్వది గద. ఒక ఎండకాలం బోరు పోయింది. వాగుల చెలిమె తీసి బిందెతోని మోసిన. మీ మామ తిట్టిండు. దసరా దాక వాయిదా లేదు, ఇప్పుడెందుకు సత్తున్నవే అని. ఆయన చెప్పింది నిజమే. కని కండ్ల ముంగట ఎండుతుంటె ఎట్ల సూస్తవ్?"

ఆమె ఒక మోకాలెత్తు మొక్క పాదులోంచి ఎండుటాకు తీసి పారేసింది.

"వకీలు ఫోటో కోసం పోసిన్నో, చెట్టు కోసమే పోసిన్నో ఇప్పుడు నాకే తెల్వది. ఊళ్లె అందరు నవ్వుతరు. వీటికి వాయిదా చెట్లని పేరు పెట్టిన్రు."

గంగారాం ఆమె పక్కన కాస్త ఎడంగా కూర్చున్నాడు. అడగాలనుకున్నవన్నీ మస్కట్ నుంచి సర్దుకుని తెచ్చుకున్నాడు. వాటిలో ఒక్కటీ ఈ చెట్ల ముందు పనికి రాలేదు.

"ప్లాట్లు ఏమైనయ్?" అన్నాడు చివరికి.

"కేసున్న భూమి ఎవలు కొంటరు? చందుగాడు మూడేండ్ల కింద ఖతర్ పోయిండు. నువ్వు పోయిన తొవ్వనే మా కొడుకు సుత పోయిండు." ఎండుమట్టలు దగ్గరికి లాక్కుంది. "నీ చెట్లు కొట్టిచ్చి నిన్ను దేశం మీదికి తోలినం. ఆ పాపం ఊకెనె పోతదా."

ఎన్నో ఏళ్లుగా ఎవరో ఒకరు ఆ మాట అంటారని గంగారాం ఎదురుచూశాడు. కోర్టు అనలేదు, ఊరు అనలేదు. తలొంచుకుని చేతిలో గుచ్చుకున్న ముల్లు తీసుకున్నాడు.

లేచి వెళుతూ పెద్ద చెట్లను ఒక్కొక్కటే తడిమాడు. నాలుగు చెట్ల దగ్గర ఆగి, తల దగ్గరి మట్టలు విప్పి చూశాడు. మొవ్వు తెల్లగా, గట్టిగా ఉంది. ఫోటో తీయలేదు.

జగిత్యాలలో ప్రకాశ్ సారు మొత్తం విని కుర్చీలో వెనక్కి వాలాడు. "నిజంగనే ఉన్నయా?"

"ఉన్నయి సార్."

"అయితే మన కేసు పాయె" అన్నాడు. తర్వాత నెమ్మదిగా, "నువ్వు సూడలేదని చెప్పచ్చు. చెట్ల సంగతి మాట్లాడకుంట, కొట్టినందుకే శిక్ష అడుగుదాం. ఏమంటవ్?"

"రేపు కోర్టుల సూద్దాం సార్" అన్నాడు గంగారాం.

సోమవారం కోర్టు హాలు నిండి ఉంది. సాయన్న గోడకు ఆనుకుని నిలబడ్డాడు. గంగారాంకు గుర్తున్న సాయన్న మీసం మెలేసి జేసీబీ పక్కన నిలబడినవాడు. ఇతని మోకాళ్లు వంగిపోయాయి, కట్టె లేనిదే అడుగు పడడం లేదు. భుజానికి ఒక సంచి వేలాడుతోంది. ఇద్దరూ ఒకరినొకరు చూసుకుని చూపు తిప్పుకున్నారు.

జడ్జి మేడం వయసులో చిన్నది. ఈ కేసు చూడడం ఆమెకు ఇదే మొదటిసారి, ఫైలు మాత్రం ఆమె చేతికి బరువుగా ఉంది. ఫోటోలు ఒకటొకటిగా తిప్పసాగింది. గంగారాం నిలబడ్డ చోటికి అవి కనబడుతున్నాయి. మొదటి దాంట్లో నల్లమీసాల సాయన్న జానెడు మొక్కల పక్కన ఛాతీ విరుచుకుని ఉన్నాడు. తిప్పిన కొద్దీ చెట్లు లేస్తున్నాయి, మనిషి వంగుతున్నాడు. ఆఖరి దాంట్లో తెల్లజుట్టు ముసలాయన మట్టల నీడలో నిలబడ్డాడు.

ప్రకాశ్ సారు లేచి, మళ్లీ నాటినంత మాత్రాన కోర్టు మాట కాలరాసిన తప్పు చెరిగిపోదని వాదించాడు. సాయన్న వకీలు లేచాడు. తన కక్షిదారు ఆ రోజే పశ్చాత్తాపంతో కుమిలిపోయి, ఎవరూ చెప్పకుండానే, తనంతట తాను ఆ చెట్లను బిడ్డల్లా పెంచాడని చెప్పాడు.

గంగారాం ఉన్నచోటనే కదిలాడు. జడ్జి మేడం చూసింది.

"మీరేమైనా చెప్పాలా?"

ప్రకాశ్ సారు అతని చేయి పట్టుకోబోయాడు. గంగారాం రెండడుగులు ముందుకు వేశాడు.

"అది అబద్ధం మేడం. ఎవలు చెప్పకుంట పెట్టలే. వకీలు చెప్తే ఫోటో కోసం పెట్టిన్రు. వాళ్లింటామె నాతోని చెప్పింది."

హాల్లో ఎవరో నవ్వారు. సాయన్న వకీలు మొహం ఎర్రబడింది. సాయన్న మాత్రం తల ఊపాడు, అవును నిజమే అన్నట్టు.

"కని నీళ్లు పోసుడు అబద్ధం గాదు" అన్నాడు గంగారాం. "నేను సూసచ్చిన. చెట్లున్నయి. సచ్చిన కాడ మల్ల మల్ల పెట్టిన్రు. బోరు ఎండితే వాగులకెళ్లి మోసిన్రు. అబద్ధానికైతే ఇన్నేండ్లు ఎవలు నీళ్లు పొయ్యరు మేడం."

జడ్జి మేడం కలం కింద పెట్టింది. "ఆయన కోర్టు ఉత్తర్వును ధిక్కరించిన మాట నిజం. అది నేను రాస్తాను. శిక్ష సంగతి వేరు. మీరేం కోరుతున్నారు?"

వాయిదా పడిందని శోభ ఫోన్లో చెప్పిన ప్రతిసారీ గంగారాం మస్కట్‌లో గోడకు తల కొట్టుకున్నాడు. సెలవు దొరికే శుక్రవారాలు మంచం మీద పడుకుని, సాయన్న చేతులకు బేడీలు పడినట్టు ఊహించుకుని నిద్రపోయాడు. అప్పుడే జైలు పడి ఉంటే మూడు నెలలకు సాయన్న బయటికి వచ్చేవాడు. గట్టు బోడిగానే ఉండేది. ఈ ఆలోచన అతనికి కొత్తగా ఉంది. దానితో ఏం చేయాలో తెలియలేదు.

"చెట్లచ్చినయ్ మేడం. నేను పరాయి దేశంల ఉన్న ఏండ్లు రావు. నా బిడ్డ పెరిగింది నేను సూడలే. అది ఆయనను జైల్ల పెట్టినా రాదు." సాయన్న వైపు ఒకసారి చూశాడు. "ఆ చెట్లను మల్ల ఎవలు కొట్టద్దు. గీసుకునేటోన్ని ఆపద్దు. గంతే నాకు."

జడ్జి మేడం సాయన్న వైపు తిరిగింది. "మీరేమంటారు?"

సాయన్న చేతులు జోడించబోతే కట్టె కిందపడింది. "కొట్టిచ్చింది నేనే, తల్లీ. కోర్టు వద్దన్నదని తెలిసే కొట్టిచ్చిన. గంగారాం గీసుకుంటనంటే నేనాప. నా కొడుకు సుత ఆపడు." కట్టె తీసిచ్చింది గంగారామే.

ధిక్కరణ రుజువైందని, మందలించి వదులుతున్నామని, చెట్లను ఎవరూ ముట్టరాదని, గీతపనికి అడ్డు రాకూడదని జడ్జి మేడం చదివింది. తర్వాత ఇంకో కేసు పిలిచారు. అంతే. ఇన్నేళ్ల కేసు ముగియడానికి ఒక చాయ్ తాగేంతసేపు పట్టలేదు.

ప్రకాశ్ సారు మెట్ల మీద గంగారాం భుజం తట్టాడు. "గెలిచినమో ఓడినమో నాకు సమజైతలేదు" అన్నాడు.

"మీరు ఇడిసిపెట్టకుంట పట్టుకున్నరు సార్. అందుకే చెట్లున్నయి" అన్నాడు గంగారాం. ప్రకాశ్ సారుకు ఆ మాట పూర్తిగా అర్థం కాలేదు గాని, సంతోషపడ్డాడు.

కోరుట్ల బస్సులో సాయన్నకు సీటు దొరికింది. పక్క సీటు ఖాళీగా ఉంది. గంగారాం కాసేపు నిలబడి, తర్వాత కూర్చున్నాడు. సాయన్న ఒళ్లో సంచి ఉంది.

"గా సంచేంది మామా?"

"లుంగీ, అంగీ, మోకాళ్ల నూనె. జైల్ల చలి పెడ్తదని మీ అత్త దుప్పటి సుత పెట్టింది." సాయన్న సంచి మూతి విప్పి చూపించాడు. దుప్పటి పైన అరటాకులో చుట్టిన సర్వపిండి ఉంది. ఇద్దరూ చెరి సగం తిన్నారు. మేడిపల్లి వచ్చేదాకా పంటల గురించి, చందు పనిచేసే ఖతర్ కంపెనీ గురించి మాట్లాడుకున్నారు. జేసీబీ మాట రాలేదు.

లసుమవ్వ బోరు గది దగ్గర నిలబడి ఉంది. భర్త నడిచి రావడం చూసి, వెనకాల గంగారాంను చూసి, ఏదీ అర్థం కాక, అలవాటైన మాటే అడిగింది.

"మల్లెప్పుడు వాయిదా?"

"లేదు" అన్నాడు సాయన్న. "ఇగ వాయిదా లేదు. అయిపోయింది."

లసుమవ్వ గది గోడ పట్టుకుని నిలబడింది. కొంతసేపటికి కళ్లు తుడుచుకుంది. గంగారాం వైపు చూసింది. అతనికీ ఆమెతో ఏదో చెప్పాలని ఉంది. అన్నం పెట్టినవాళ్లకు, నీళ్లు పోసినవాళ్లకు కృతజ్ఞతగా చెప్పే మాట తమ ఇళ్లలో ఏదీ లేదు. తినిపోవడమే మాట.

"ఆ నాలుగు గీతకొచ్చినయత్తా" అన్నాడు గట్టు వైపు చూపిస్తూ. "మొవ్వు పట్టి సూసిన. మిగిలినయ్యి రెండేండ్లు ఆగాలె."

"నువ్వుంటవా మరి?"

గంగారాం శోభను తలుచుకున్నాడు. కండెలు చుట్టీ చుట్టీ అరిగిన ఆమె వేళ్లను తలుచుకున్నాడు. "ఉంట" అన్నాడు. "శోభను తీసుకొస్త. అది ఈ గట్టును సూడాలె."

పొద్దు వాలుతోంది. లసుమవ్వ బోరు గదిలోంచి బిందె తీసి, తొట్టిలో ముంచి, చంకనెత్తుకుంది. సాయన్న గడప మీద కూర్చుని మోకాళ్లు రుద్దుకుంటూ చూశాడు.

"ఇంకెందుకే?" అన్నాడు. "ఇగ ఫోటో అడిగేటోళ్లు లేరు గద."

"అడుగకుంటేంది" అంది లసుమవ్వ. "చిన్నయ్యి ఎండిపోవా?"

ఆమె గట్టెక్కబోతుంటే గంగారాం ఎదురు వెళ్లి చేతులు చాపాడు.

"బిందె ఇటియ్యి అత్తా."